ఊడిన వైరు

"ఈ వైరు ఎప్పుడో ఊడిపోయిందమ్మా," అన్నాడు నెలనెలా మిషను చూసిపోయే మెకానిక్. "పన్నెండు రోజులైందని మిషన్లోనే చూపిస్తోంది."

పక్షవాతంతో మంచాన పడి మాట పోయిన మా ఆయనకు ఆ మిషనే నోరు. ఆయన మనసులో అనుకున్నది తలకున్న వైరులోంచి పట్టుకుని, ఆయన గొంతుతోనే పలుకుతుంది.

"మరి నిన్న కూడా మాట్లాడారుగా?"

"అది ఆయన కాదమ్మా. వైరులోంచి ఏమీ అందకపోతే, మొగుడన్నవాడు ఇలాంటప్పుడు ఏమంటాడో మిషనే ఊహించి అనేస్తుంది."

పన్నెండు రోజులు. "తిన్నావా?" అని అడిగింది. "నడుం నొప్పి తగ్గిందా?" అంది. మొన్న దుప్పటి మారుస్తుంటే, "నిన్ను చాలా కష్టపెట్టాను" అంది. వంటింట్లోకి పోయి ఎంత ఏడ్చానో! ఆ ఒక్క మాట కోసం ముప్ఫై ఏళ్లుగా నా కళ్లు కాయలు కాచాయి.

మెకానిక్ వైరు బిగించాడు. "ఇప్పుడు పలకరించండి."

"ఏమండీ," అన్నాను. "వినిపిస్తోందా?"

ఆయన కళ్లు నా వైపు తిరిగాయి. మిషను గరగరమంది.

"ఒసేయ్ దరిద్రపుదానా! ఇన్నాళ్లూ ఇది కూసిన కూతలు నావి కావని తెలీలేదూ?"

"హమ్మయ్య," అన్నాడు మెకానిక్, సామాను సర్దుకుంటూ. "ఇక అచ్చంగా ఆయనే."

గబుక్కున అతని చెయ్యి పట్టుకున్నాను.

"నీకు పుణ్యముంటుంది నాయనా, ఆ వైరు మళ్లీ పీకెయ్."