పద్మావతమ్మ ఓడిన రోజు

“చివరి రౌండు కూడా అయిపోయిందండీ. మూడు వందల పన్నెండు ఓట్ల తేడాతో ఓడిపోయాం,” అన్నాడు ఆమె ఎన్నికల ఏజెంటు రాంబాబు ఫోన్లో. మచిలీపట్నం కౌంటింగు హాలు బయటి గోల అతని వెనక వినిపిస్తోంది. “మడ అడవుల ఊసు ఎత్తొద్దని చిలక్కి చెప్పినట్టు చెప్పానండి. ఎత్తకపోతే ఆరోసారి కూడా మీరే ఎమ్మెల్యే.”

“నువ్వు ముందు ఏదైనా తిను రాంబాబూ,” అని పద్మావతమ్మ ఫోను పెట్టేసింది.

చల్లపల్లిలోని ఆ ఇంటి వరండాలో పొద్దున వేసిన కుర్చీలన్నీ మధ్యాహ్నానికే ఖాళీ అయ్యాయి. భర్త వెంకటకృష్ణారావు పెరుగన్నం కలిపి తెచ్చి ఆమె ముందు పెట్టాడు.

ఆమె ముట్టుకోలేదు.

“రొయ్యల చెరువుల వాళ్ల ఎదురుగా నిలబడి, ఒక్క మడ చెట్టు కూడా కొట్టనివ్వనంటే ఓట్లెవరు వేస్తారండీ? పాతికేళ్లు కాపాడాను. ఇంక నా చేతిలో ఏముంది? రేపట్నుంచి ఇంట్లోనే ఉంటాను.”

“రేపు కుదరదు.”

“ఏం?”

“ఇందాక ఏటిమొగ నుంచి చేపల వీరమ్మ ఫోన్ చేసింది. నువ్వు ఓడావని తెలియగానే చెరువుల వాళ్లు మడ దగ్గరికి పొక్లెయిన్లు తెచ్చారట. రేపు తెల్లారగానే వీరమ్మా వాళ్లంతా పాయకి అడ్డంగా పడవలు కట్టి కూర్చుంటారట. అమ్మగారు వస్తారా అనడిగింది. వస్తుందని చెప్పాను. కారు నేనే నడుపుతాను.”

“ఏ హోదాలో వెళ్లమంటారు?”

“నాగాయలంక సభలో ఏ హోదాలో మాట్లాడావు? జనం దిగిపొమ్మని కేకలేస్తున్నా మైకు వదల్లేదు. ‘నన్ను ఓడించండి, కానీ ఉప్పెనొస్తే మీకు అడ్డం నిలబడేది ఆ చెట్లే’ అన్నావు. వెనక నిలబడి విన్నాను. ఆ రోజే అనుకున్నాను, నా ఓటు నీకేనని.”

ఆమెకి నవ్వొచ్చింది. కళ్లు తుడుచుకుని కంచం దగ్గరికి లాక్కుంది.

“అందులో కొత్తేముందీ? మీరెప్పుడూ నాకు వేసేదేగా.”

ఆయన మంచినీళ్ల గ్లాసు ఆమె పక్కన పెట్టి తల వంచుకున్నాడు.

“లేదు పద్మా, ఇదే మొదటిసారి. ఆ అయిదుసార్లూ, నువ్వు ఓడిపోయి ఇంటికొస్తావేమోనని అవతలివాళ్లకి వేశాను.”