ట్యాబ్‌లో కొబ్బరితోట

"పచ్చని తోటని పొట్టన పెట్టుకున్నావు కదరా! నీకు చేతులెలా వచ్చాయిరా?"

సత్యవేణమ్మ ట్యాబ్‌ను కొడుకు ముక్కుకు ఆనించినంత పని చేసింది. ఆటలో కొబ్బరితోట ఉండాల్సిన చోట బోడి నేల కనిపిస్తోంది.

"స్లో అయిపోయిందని రీసెట్ కొట్టేనమ్మా. ఆటే కదా!" అన్నాడు ప్రకాష్.

"ఆటా? రాజోలంతా ఎండిపోయినా నా తోట ఎండలేదురా! పొద్దున్న నేను మొక్క నాటితే, సాయంత్రం నీళ్లెవరు పోసేవారో తెలుసా నీకు?"

ప్రకాష్‌కి తెలియదు. గుమ్మంలో అతని భార్య దుర్గ తల దించుకుని నిలబడింది. పొయ్యి దగ్గర గొడవైనప్పటి నుంచి అత్తాకోడళ్లకు మాటల్లేవు. ఉప్పు కావాలన్నా ప్రకాష్ చేతే అడిగించుకుంటారు.

"ఏమండీ, మీ అమ్మగారికి చెప్పండి. తోట ఎక్కడికీ పోలేదండి. నా మెయిల్‌కి కలిపి దాచేను. పాస్‌వర్డ్ కొడితే వచ్చేస్తుంది" అంది దుర్గ.

ప్రకాష్ తల్లివైపు తిరిగాడు. "అమ్మా, తోట..."

"నాకు చెవులున్నాయిరా! నువ్వు అడ్డు తప్పుకో!"

ఆవిడ కొడుకుని పక్కకి నెట్టి, ట్యాబ్ తీసుకెళ్లి కోడలి చేతిలో పెట్టింది.

"అమ్మాయ్, ఇలా వచ్చి నా పక్కన కూర్చో. పాస్‌వర్డ్ ఇప్పుడే కొట్టు. కొట్టి, నాకూ నేర్పు."