నూట యాభయ్యోది

కాకి ముట్టడం లేదు.

ఫిషింగ్ హార్బర్ వెనకాల ఇసకలో విస్తరాకు పరిచి, పిండం పెట్టి గంట దాటింది. వలలు ఆరేసిన గోడ మీద కాకులు బారుగా కూచున్నాయి గానీ ఒక్కటీ దిగడం లేదు. మామూలు రోజుల్లో మనిషి చేతిలోంచి చేపని లాక్కుపోయే కాకులు! ఇవాళ పెద్దమనుషుల్లా చూస్తూ కూచున్నాయి.

"ఒరే సూరీ, మీ అమ్మని నాను సూసుకుంటాన్రా," అని మేనమామ గురునాథరావు దణ్ణం పెట్టాడు. కాకి కదల్లేదు.

"నీ బండి అమ్మంరా. ఇంటికి స్లాబు ఏయిత్తాం." అయినా కదల్లేదు.

ఇరవై రెండేళ్ళ అప్పలసూరిని మూడ్రోజుల జొరం ఎత్తుకుపోయి అవాళ్టికి పదకొండో రోజు. తల్లి వరహాలమ్మ ఇసకలో కూలబడి ఉంది. ఏడవడానికి కూడా ఓపిక లేదు మనిషికి.

అప్పుడు గోపి ముందుకొచ్చాడు. ఐసు ఫ్యాక్టరీలో సూరితో కలిసి దిమ్మలు మోసిన స్నేహితుడు. కాసేపు నసిగి, నలుగురూ ఏమనుకున్నా సరేనని అనేశాడు.

"బావా! నీ గేములో మిగిలిన ఆ ఒక్కదాన్నీ నాను పడతాను. నెల మాసికం నాటికి నూట యాభై నిండిన పెట్టె నీ ఫొటో ముందు పెడతాను."

"ఏటీ? కాకి గేము కోసం రావట్లేదేటిరా, బుద్ధుందా?" అని గురునాథరావు కసిరాడు. ఆయన నోరు మూసే లోపల ఓ కాకి దబ్బున దిగి ముద్ద తన్నుకుపోయింది.

గోపి ఎగిరిపోతున్న ఆ కాకి వంకే చూస్తూ దణ్ణం పెట్టాడు.

ఓడ దిగిన సెయిలర్ ఒకడి దగ్గర సూరి కొనుక్కున్న చేతి వీడియో గేమ్ అది. వింత జంతువుల్ని వేటాడి పట్టుకోవాలి, పెట్టెలో దాచుకోవాలి, వద్దనుకున్నవాటిని వదిలెయ్యాలి, ఉన్నవాటితో పందేలు గెలవాలి. కథ ఎప్పుడో అయిపోయింది. ఆఖరి మొనగాణ్ణి సూరి కిందటేడే మట్టికరిపించాడు. "కథయిపోయాకేరా బావా, అసలు పని!" అనేవాడు. అసలు పనంటే నూట యాభై జంతువుల్నీ ఒకే పెట్టెలో ఉంచడం. నూట నలభై తొమ్మిది దొరికాయి. మిగిలింది నల్లసొర. ఆ పేరు వీళ్ళు పెట్టుకున్నదే. ఆటలోని సముద్రంలో ఎక్కడో తేలుతుంది, మనిషి దగ్గరికొస్తే మాయమైపోతుంది.

కొడుకు వస్తువు గడప దాటడానికి వీల్లేదంది వరహాలమ్మ. అందుకని గోపి రోజూ డ్యూటీ దిగి ఆవిడింటికే వచ్చి, సూరి మంచం మీద కూచుని ఆడేవాడు. ఆవిడ టీ ఇచ్చి పక్కనే కూచుని, మీటల మీద వాడి వేళ్ళ వంకే చూసేది.

ఐదో రోజున నల్లసొర చిక్కింది.

"అత్తా! పట్టీసినాను!"

"ఓలమ్మ, నిజంగానేటి?" ఆవిడ కళ్ళు నిండిపోయాయి.

మర్నాడొచ్చి చూస్తే పెట్టెలో నూట నలభై తొమ్మిదే ఉన్నాయి.

సేవ్ చెయ్యడం మర్చిపోయుంటానని గోపి తన తెలివిని తనే తిట్టుకున్నాడు. నాలుగు రోజులు నానా తంటాలూ పడి మళ్ళీ పట్టాడు. ఒకటికి రెండుసార్లు సేవ్ చేశాడు. మర్నాటికి అదీ మాయం. అంతటితో ఆగితే బాగుణ్ణు! ఆటలో తను నడిసముద్రంలో ఆపి వెళ్ళిన బొమ్మ మనిషి, సూరి పేరు పెట్టుకున్నవాడు, సముద్రంలో లేడు. కథ మొదలయ్యే చోట, తన ఇంట్లో, వాళ్ళమ్మ బొమ్మకి ఎదురుగా నిలబడి ఉన్నాడు.

గేము గోపి చేతిలోంచి జారి మంచం మీద పడింది.

"అత్తా, దీన్ని ఎవులైనా ముట్టుకున్నారేటి?"

"ఇంట్లో నాను తప్ప ఎవులున్నార్రా? నాకు అచ్చరం ముక్క రాదు."

ఆ మాటతో ఉన్న ధైర్యం కూడా పోయింది గోపికి. సింహాచలం కొండెక్కి దారం తెచ్చి గేముకి కట్టాడు. నవ్వొస్తోందా? వాడి స్థానంలో ఉంటే తెలుస్తుంది. ఫ్యాక్టరీలో వీపు వెనక "బావా" అని వినబడి, ఉలిక్కిపడి ఐసు దిమ్మ కాలి మీద వేసుకున్నాడు. అన్నం సయించడం మానేసింది. మూడోసారి పట్టాడు. మర్నాడు చూస్తే దారం ఉంది, సొర లేదు.

"ఆడికి నామీద కోపమేమో అత్తా. నానేటి తప్పు సేసినాను?"

"తొందరేటుంది నాయినా? రేపు సూసుకుందువు. టీ సల్లారిపోతంది, తాగు."

మాసికం ముందురోజు సాయంత్రం నాలుగోసారి పట్టాడు. తెల్లారి చుట్టాలు రాకముందే పరిగెత్తుకొచ్చాడు. ఫొటోకి అప్పటికే దండ వేసి ఉంది. గేము స్విచ్ వేశాడు.

నూట నలభై తొమ్మిది. బొమ్మ సూరి మళ్ళీ ఇంట్లోనే ఉన్నాడు.

గోపి ఫొటో ముందు కూలబడిపోయాడు. "నన్నొగ్గీరా బావా! మాటిచ్చినాను, నాలుగుసార్లు పట్టినాను. నువ్వే ఒదిలేత్తన్నావు. ఇంకేటి సెయ్యమంటావురా? నాకు పిచ్చెక్కిపోతంది!" అని చంటిపిల్లాడిలా భోరుమన్నాడు.

వరహాలమ్మ వచ్చి పక్కన కూచుంది. వాడి తల నిమిరింది. కొంగుతో ముందు వాడి మొహం తుడిచి, తర్వాత తన మొహం తుడుచుకుంది.

"ఆడినేటీ అనకురా నాయినా. నూట యాభై నిండిపోతే ఆడింక మన కాడికి రాడు కదేటి... అందుకే నానే దాన్ని ఒదిలేసి, నా కొడుకుని రోజూ ఇంటికి తెచ్చీసుకుంటన్నాను."