పెద్ద బటన్

మూడోసారి కూడా ల్యాప్‌టాప్ నల్లటి తెర చూపించి ఊరుకుంది.

"ఫార్మాట్ కొట్టేద్దామండీ," అన్నాడు మెకానిక్. ఆ వీధిలో అతన్ని అందరూ డాక్టరనే పిలుస్తారు.

"కొడితే అన్నీ పోతాయా?" అంది ల్యాప్‌టాప్ తెచ్చినామె.

"పోతాయి."

"మా అమ్మ గొంతు ఇందులోనే ఉందండీ. తను పోయాక ఇంకెక్కడా మిగల్లేదు."

డాక్టరు తల గోక్కున్నాడు. కంప్యూటర్ లేస్తూనే ముందుగా చూసే భాగం ఒకటి లోపల ఎవరికీ కనబడకుండా ఉంటుంది. అది చెడితే మిషన్ లేవదు. దాన్ని తెరిచే చిన్న టూల్ ఒకటి ఆరేళ్లుగా అతని పెన్‌డ్రైవ్‌లో ఉంది. తెర తనవైపు తిప్పుకుని గుట్టుగా వాడతాడు. డాక్టరన్న పేరంతా దాని చలవే. ఇవాళ అదీ చేతులెత్తేసింది.

బల్ల దగ్గర ఒక పెద్దాయన మౌస్ పట్టుకుని అరగంటగా నిలబడి ఉన్నాడు. డాక్టరు వెనకున్న బీరువా అద్దంలో ఆయనకి తెర కనిపిస్తూనే ఉంది.

"ఫార్మాట్ వద్దు బాబూ. ఫైళ్లు ఎక్కడికీ పోవు. మీ టూల్ పాతది, కొత్త మిషన్లు దానికి కనబడవు. నిరుడు కొత్తది వచ్చింది, అది దింపుకోండి."

గుట్టు రట్టయ్యేసరికి డాక్టరుకి ఒళ్లు మండింది.

"తాతకు దగ్గులు నేర్పుతున్నారా? ముందు మీ పనేంటో చెప్పండి."

"ఒకసారి నొక్కితే మూడుసార్లు పడుతోంది. కాస్త గట్టి బటన్ ఉన్న మౌస్ దొరుకుతుందేమోనని."

డాక్టరు దాన్ని టకటకా నొక్కి చూశాడు.

"మౌస్ బ్రహ్మాండంగా ఉంది. బాగాలేంది మీ చెయ్యి. దానికి నా దగ్గర మందు లేదు."

"అదీ నిజమేలెండి," అని నవ్వాడాయన. మౌస్ జేబులో వేసుకోబోతే రెండుసార్లు తప్పింది. మూడోసారి వేసుకుని వెళ్లిపోయాడు.

ఆమె కదల్లేదు.

"ఆయన చెప్పింది ఒక్కసారి చూడండీ. ఫార్మాట్ ఎలాగూ ఉందిగా."

డాక్టరు సణుక్కుంటూ తన కంప్యూటర్‌లో కొత్తది దింపి పెన్‌డ్రైవ్‌లో వేశాడు. పాతదాంట్లో అగ్గిపుల్ల తలంత బటన్లు పది ఉండేవి. ఇందులో ఒక్కటే ఉంది, తెరలో సగం అదే.

నొక్కాడు. దాగున్న భాగం తెరుచుకుంది. చెడిన ఫైలు సరిచేశాక ల్యాప్‌టాప్ లేచింది. ఆమె ఆత్రంగా ఒక రికార్డింగ్ తెరిచింది.

"ఏమే, తిన్నావా?" అంది అందులోంచి ఒక ముసలి గొంతు.

ఆమె బల్లమీద తల వాల్చి ఏడ్చేసింది. కాసేపటికి తేరుకుని అడిగింది.

"ఎవరండీ ఆ పెద్దాయన?"

"ఎవరో. మౌస్ కోసం వచ్చాడు."

ఆమె వెళ్లాక డాక్టరు ఆ టూల్ తన కంప్యూటర్‌లో మళ్లీ తెరిచాడు. అడుగున 'చేసినవాడి మాట' అని ఉంది. పాతదాంట్లోనూ ఉండేది. ఆరేళ్లలో ఎన్నడూ చదివిన పాపాన పోలేదు. ఇవాళ నొక్కాడు.

"చెయ్యి వణకడం మొదలైంది, ఒకసారి నొక్కితే మూడుసార్లు పడుతోంది, నాలాంటివాళ్లు ఇంకా ఉంటారని ఈసారి పెద్ద బటన్ ఒక్కటే పెట్టాను, గట్టి మౌస్ ఎక్కడైనా దొరికితే మళ్లీ చేస్తాను, లేకపోతే ఇదే ఆఖరు."