కాలి

“ఒక్క మాట తప్పినా ఈ ముసల్దాన్ని మళ్ళీ మా గుమ్మం ఎక్కనివ్వను గురువుగారూ. ముందే సెప్తన్నాను.”

శుభాకర్ మూడు కవర్లనూ పేకముక్కల్లా కలిపి బల్ల మీద పడేశాడు. రాయగడ కాలేజీలో ఫిజిక్సు చెప్పే మనిషి. తన ఇంటికే సోదె మనిషిని తీసుకురావడం అతనికి తలకొట్టేసినట్టుంది. తెచ్చినవారు లెక్కలు చెప్పే వరాహనరసింహం గారు. పెద్దాయన, పైగా తాతల నాటి నుంచి ఎస్టేటు కచేరీలో ఒడియా రాసిన వంశం. కాదనలేక పరీక్షకు ఒప్పుకున్నాడు.

సోదె చెప్పే ముసలామె గురువమ్మ గోడ వారన గొంతుక్కూర్చుంది. దసమంతపూర్ కొండల నుంచి చింతపండు తెచ్చుకుని శుక్రవారం దిగిన మనిషి, వానకు ఇక్కడే చిక్కుబడిపోయింది. తెలుగు అర్థమవుతుంది, మాట్లాడదు.

“ఒకదాంట్లో మీ ఆవిడ ప్రేమలీల ఫొటో, ఒకదాంట్లో కేలండరు ముక్క, ఒకటి ఖాళీ. అంతేనా?” అడిగారు పెద్దాయన.

“అంతే. ఏది ఏదో ఇప్పుడు నాకూ తెలీదు.”

“గంప కింద కోడన్నమాట!” వరాహనరసింహం గారు పకపకా నవ్వారు. “నువ్వే గదయ్యా క్లాసులో చెప్తావు, గంపెత్తి చూసేదాకా కోడి బతికున్నట్టూ, చచ్చినట్టూ కూడానని?”

“అది అణువుల సంగతండీ బాబూ. నిజం కోళ్ళకి అంటగడితే ఎలాగ?”

“చూసే మనిషిని బట్టే లోకం తేలుతుందని నువ్వంటే సైన్సు. ఈ ముసల్ది చూస్తానంటే బూటకం. బాగుందోయ్ శుభాకరం!”

వంటింటి తెర వెనక నుంచి ప్రేమలీల గొంతు వినిపించింది. “ఏటండీ, గంప అస్సలు ఎత్తకపోతేనో?”

“ఎత్తనంతసేపూ రెండూ నిజమే. నువ్వు ముందు కాఫీ సంగతి సూడు.”

ప్రేమలీల దసమంతపూర్ ఆస్పత్రిలో నర్సు. శనివారం సాయంత్రం జడివానలో నిలువునా తడిసి ఇల్లు చేరింది. జలుబంటూ ఇవాళ చర్చికి రాలేదు, వచ్చినవాళ్ళ ముందుకూ రాలేదు. రేపు పొద్దున బస్సుకు మళ్ళీ డ్యూటీకి వెళ్ళాలి.

తెర కింద నుంచి రెండు గ్లాసులు ఇవతలికి జరిగాయి. శుభాకర్ తెచ్చి ఇచ్చాడు. పెద్దాయన ఒక గుక్క తాగి మొహం చిట్లించారు.

“మంచు ముక్కలా ఉందేటమ్మా కాఫీ?”



గురువమ్మ అప్పటికే ఒక కవరు అందుకుని రెండు చేతుల మధ్య పెట్టుకుంది. కళ్ళు మూసుకుంది. కాసేపటికి ఆమె మెడ నరాలు తేలాయి.

“బస్,” అంది. “ఘాటి.” ఊపిరి ఎగబీల్చింది. “పాణి… పాణి…”

“కొండదారి, నీళ్ళు అంటోంది,” అన్నారు పెద్దాయన గొంతు తగ్గించి.

“కాలి,” అంటూ నిప్పు తగిలినట్టు కవరు వదిలేసింది.

శుభాకర్ కవరు చించాడు. ప్రేమలీల ఫొటో. నర్సు టోపీ పెట్టుకుని నవ్వుతోంది.



“కాలి అంటే?” శుభాకర్ పెద్దాయన వైపు తిరిగాడు. “నిన్నకీ రేపుకీ ఒకటే మాట గదండీ వీళ్ళకి?”

వరాహనరసింహం గారు ఒడియాలో గుచ్చి గుచ్చి అడిగారు. గడిచిన కాలియా, వచ్చే కాలియా?

“కాలి బాబూ, కాలి,” అంది ముసలామె అంతకు మించి చెప్పలేనట్టు.

“నిన్న ఘాటీ దిగి నిక్షేపంగా ఇంటికొచ్చింది గదా. మరింకేటి, రేపే.” పెద్దాయన నవ్వు ఎటుపోయిందో. “శుభాకరం, నమ్మితే నమ్ము, మానితే మాను. రేపు ఆ పిల్లని బస్సెక్కించకు.”

గురువమ్మ కాఫీ ముట్టలేదు. ఇవ్వబోయిన పాత చీరా పుచ్చుకోలేదు. వంటింటి వైపు వీపు తిప్పకుండా, వెనక్కి వెనక్కి నడుచుకుంటూ మెట్లు దిగి వెళ్ళిపోయింది.

ఆ మధ్యాహ్నం శుభాకర్ నీళ్ళు నమిలాడు. “రేపు సెలవు పెట్టకూడదా అమ్మీ? ఒక్కరోజు.”

ఎందుకని అడుగుతుంది, దెప్పుతుంది, ఫిజిక్సు మాస్టారికి సోదె పిచ్చి పట్టిందని ఆస్పత్రి అంతా చాటుతుంది అనుకున్నాడు. ఒళ్ళు కాలిపోతున్నా డ్యూటీ మానని మనిషి మరి.

“అలాగేనండీ. ఎల్లను,” అంది ప్రేమలీల.

అతను ఆమె చెయ్యి పట్టుకున్నాడు. రాయిలా చల్లగా ఉంది. జలుబు తగ్గినట్టు లేదనుకున్నాడు.

సోమవారం పొద్దున ఏడు దాటింది. బస్సు వేళ గడిచిపోయింది. వంటింట్లో గిన్నెల చప్పుడు వింటూ శుభాకర్ గుండెల మీద బరువు దించుకున్నాడు. సైన్సు ఓడిపోతే పోయింది, పెళ్ళాం దక్కింది. సాయంత్రం గురువమ్మను వెతికి మరీ దండం పెట్టుకోవాలి.

గేటు దగ్గర సైకిలు బెల్లు మోగింది. తంతి బంట్రోతు లక్ష్మణుడు.

“మీకే బాబూ. దసమంతపూర్ ఆస్పత్రి నుండి. నిన్ననే కొట్టేరు గానీ, వానకి తీగలు తెగిపోయి ఇప్పుడందింది.”

“సెలవు సంగతి అయ్యుంటుంది,” అంటూ సంతకం పెట్టి పుచ్చుకున్నాడు శుభాకర్.

“మీకు తెలీదేటి బాబూ? ఘాటీలో బస్సు పడిపోనాది గదా. గెడ్డలో మునిగిపోయి ఒక్కలూ మిగల్నేదంట.”

“ఇవాళ పొద్దున బస్సేనా?” శుభాకర్ కవరు గుండెలకు అదుముకున్నాడు. “దేవుడు సల్లగా సూసేడు. మా ఆవిడ అందులోనే ఎల్లాల్సింది.”

“ఇయ్యాళ బస్సెక్కడిది బాబూ? దారి ఇంకా తెరవందే! అటు నుండి ఇటొచ్చే బస్సు. శనివారం సాయంత్రం పడింది.”

లక్ష్మణుడు సైకిలెక్కి వెళ్ళిపోయాడు.

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయింది. తెర కింద నుంచి సన్నగా నీళ్ళు పారి శుభాకర్ కాళ్ళ దాకా వచ్చాయి. అతని బొటనవేలు అప్పటికే తంతి కవరు అంచు కిందికి దూరింది.

“ఇప్పకండి,” అంది ప్రేమలీల తెర వెనక నుంచి, మెల్లగా. “మీరు సూడనంతసేపూ ఉంటాను.”