వెనక్కి నడిచిన సైన్యం

జయ నామ సంవత్సరం, ఎండాకాలం చివర. సముద్రం అవతలి నుంచి వచ్చిన సీమకోళ్లు మా బీడును ఏలుతున్న రోజులవి. పేడకుప్ప కనిపిస్తే చాలు, కెలికి లోపలున్న పేడపురుగుల పిల్లల్ని తినేసేవి. వాటి కోట ఒక లోతైన గుంత. బయటికి ఒకటే దారి.

"ఇక పిల్లల్ని దాచుకునే చోటు లేదు. ఆ దారి పూడ్చేద్దాం రండి" అంది బుడ్డవ్వ అనే ముసలి పేడపురుగు.

పురుగులన్నీ పేడ ఉండలు చుట్టాయి. ఎప్పటిలాగే తల నేలకు ఆనించి, వెనక కాళ్లతో ఉండల్ని నెడుతూ గుంత వైపు వెనక్కి నడిచాయి.

గట్టు మీది కాపలాకోడి గంతులేసింది. "దొరా! పురుగుల ముఖాలన్నీ అవతలికి తిరిగి ఉన్నాయి. పారిపోతున్నాయి!"

"మరి మనమంటే ఏమనుకున్నావు?" అంది దొరకోడి.

"కానీ దొరా, పోనుపోను పెద్దగా కనిపిస్తున్నాయి."

"భయానికి ఉబ్బి ఉంటాయి. పోయి పడుకో."

తొలి ఉండ నెత్తిన పడ్డాక గాని దొరకోడి లేవలేదు. కోళ్లు కసిగా పొడిచాయి. అయినా ఉండలు ఆగలేదు. పైనుంచి వాన. దారి బురదై పూడిపోయింది, కోళ్లు పేడలో రొమ్ముదాకా దిగబడ్డాయి.

"అవ్వా, దారి తియ్యి. మా దేశం పోతాం" అంది దొరకోడి.

"ముఖం ఎటు పెట్టి పోతావు నాయనా?"

"సముద్రం వైపే, తల్లీ."

"కుదరదు. ముఖం మావైపు పెట్టి వెనక్కి నడు. మాకు అదే నమ్మకం."

సీమకోళ్లు సముద్రం దాకా వెనక్కే నడిచాయి.

ముట్టడిలో పేడపురుగులు సగానికి పైగా చచ్చిపోయాయి. బుడ్డవ్వ కొడుకుల్లో ఒక్కడూ మిగల్లేదు.