ఆదివారం సినిమా

ఇంటి గోడలే వారమంతా మనుషుల్ని గమనించి, ఆదివారం సాయంత్రానికి వాళ్ళమీదే హాస్య సినిమా తీసి చూపించే రోజులవి. రాజమండ్రిలో సుభాషిణి ఇంట్లోనూ ముగ్గురూ మరమరాలు పెట్టుకుని చాపమీద కూర్చున్నారు.

తెరమీద పదమూడేళ్ళ కూతురు చంద్రిక వంటింట్లో జారిపడింది. పప్పుగిన్నె నెత్తిన బోర్లాపడింది. భర్త భాస్కరం పొట్ట పట్టుకుని నవ్వాడు.

సుభాషిణికి నవ్వు రాలేదు. నిజానికి పిల్ల జారిపడలేదు. కబడ్డీ జట్టులోంచి తీసేశారని వంటింట్లో కూలబడి వెక్కివెక్కి ఏడ్చింది. గోడ ఆ ఏడుపు తీసేసి పప్పుగిన్నె పెట్టింది.

"ఏమ్మా, అంతలా ఎలా జారావే?" అన్నాడు భాస్కరం కళ్ళు తుడుచుకుంటూ. అతనికి జరిగిందేమీ తెలియదు.

సినిమా ఆపెయ్యమని గోడకు చెప్పబోయింది సుభాషిణి. చంద్రిక ఆమె చెయ్యి పట్టుకుంది.

"వద్దమ్మా," అంది చెవిలో. "నానమ్మ పోయాక నాన్న నవ్వడం ఇదే మొదటిసారి."

తర్వాత తండ్రివైపు తిరిగి, "నూనె ఒలికింది నాన్నా, చూసుకోలేదు," అంటూ తనూ నవ్వింది.

సుభాషిణి ఆ నవ్వును పోల్చుకుంది. అత్తగారు పోయినప్పటినుంచీ భర్త ముందు తను నవ్వుతున్నదీ అదే నవ్వు.